చక్రాల కుర్చీలో ఉన్న పాపను ఊరి బడిలోనే చదివించవచ్చా?

ఎనిమిదేళ్ల మీ పాప చక్రాల కుర్చీలో తిరుగుతుందని, ఊరి బడి హెచ్‌ఎం గారు "ప్రత్యేక పాఠశాలలో వేస్తే పాపకే మంచిది" అంటున్నారని రాశారు. దేవరకొండ వైపు ఒక ప్రభుత్వ బడిలో పాఠాలు చెబుతున్న అనుభవంతో అంటున్నాను, ఊరి బడిలోనే వేయండి. 2016 నాటి దివ్యాంగుల హక్కుల చట్టం ప్రకారం 40 శాతం, అంతకు మించి వైకల్యం ఉన్న పిల్లలకు 6 నుంచి 18 ఏళ్ల వరకు దగ్గరి బడిలోనో, కోరుకున్న ప్రత్యేక బడిలోనో ఉచితంగా చదువుకునే హక్కు ఉంది. ఎంచుకోవాల్సింది మీరు. వైకల్య శాతం తెలిపే సర్టిఫికెట్ (సదరం) నకలు జతపరచి దరఖాస్తు రాసి ఇవ్వండి. నోటిమాటగా అడిగితే నోటిమాటతోనే పంపించేస్తారు.

అయితే చేర్చుకోవడంతోనే పని తీరదు. మా బడిలో మొదట కట్టిన ర్యాంపు అడుగున్నర ఎత్తుకు 5 అడుగుల పొడవే ఉండేది. అడుగు ఎత్తుకు 12 అడుగుల పొడవు ఉండాలన్నది నియమం. అప్పుడు చక్రాల కుర్చీలో వచ్చి ఆరో తరగతిలో చేరిన అమ్మాయి నీళ్ల సీసా రోజూ సాయంత్రం నిండుగానే ఇంటికి తిరిగి వెళ్తోందని వాళ్లమ్మ చెప్పేదాకా మాకు తెలియలేదు. మరుగుదొడ్డి తలుపులో కుర్చీ పట్టక, ఎవరినైనా ఎత్తమని అడగడానికి సిగ్గుపడి, ఆ పిల్ల బడి వేళల్లో నీళ్లు తాగడమే మానేసింది. ర్యాంపు కట్టగానే పని అయిపోయిందనుకుని ఫొటో తీసి పైఆఫీసుకు పంపిన వాళ్లలో నేనూ ఉన్నాను. కనుక మీరు ముందు మరుగుదొడ్డి చూడండి, టేపు వెంట తీసుకెళ్లి తలుపు కొలవండి. 90 సెంటీమీటర్ల దారి ఉండాలి. మా దగ్గర తలుపు మార్చి, గోడకు ఇనుప పైపు బిగించడం ఊరి మేస్త్రీకి రెండు రోజుల పనే అయింది. ఫిజియోథెరపీ సంగతి మండలంలోని భవిత కేంద్రంలో (ప్రత్యేక అవసరాలున్న పిల్లల కోసం ప్రభుత్వం నడిపేది) అడగండి.

ఇక ఊరి సంగతి. ఫ్లోరైడ్ నీళ్లతో నడుం వంగిన పెద్దవాళ్లను చూస్తూ పెరిగిన మన నల్లగొండ పల్లెల్లో జాలికి కొదవ లేదు; కూర్చున్న చోటికే అన్నీ అందించి, ఏ పనీ చెప్పకపోవడమే ప్రేమ అనుకుంటాం. ఆ అమ్మాయిని తొలి ఏడు సద్దుల బతుకమ్మ నాడు బతుకమ్మల పక్కనే, వలయం మధ్యలో కూర్చోబెట్టారు. అందరూ తన చుట్టూ తిరుగుతుంటే ఆ పిల్ల తల ఎత్తలేదు. మరుసటి ఏడు తానే పాట చెబుతానంది. ఆమె ఒక్కో వరుస అంటుంటే ఆడవాళ్లంతా "ఉయ్యాలో" అని అందుకున్నారు, స్నేహితురాలు కుర్చీని వరుసలోనే నెడుతూ తిరిగింది. గుంత వచ్చిన చోట మాత్రం చక్రం దాటేదాకా అందరూ చప్పట్లు ఆపి నిలబడేవాళ్లు.