మావాడు చరిత్ర తిరగరాస్తానంటున్నాడు, ఏం చెయ్యమంటారు?

ప్రశ్న: మాది వైజాగ్, గోపాలపట్నం. మా అబ్బాయి బీఏ ఫైనలియర్ (హిస్టరీ, ఎకనామిక్స్, పాలిటిక్స్). ఏడాది నుంచి రాత్రి రెండింటి దాకా ఫోన్లో "మీ పుస్తకాలు దాచిన చరిత్ర" లాంటి వీడియోలు చూస్తున్నాడు. మనం చదువుకున్నదంతా అబద్ధం, ఇంగ్లీషువాళ్లూ కమ్యూనిస్టులూ కలిసి రాసిందే అంటాడు. వాళ్ల నాన్న స్టీల్‌ప్లాంట్‌లో పాత యూనియన్ మనిషి. అన్నం దగ్గర రోజూ ఇద్దరికీ గొడవే. మొన్న వీడు కంచం తోసేసి లేచిపోయాడు. మేము గ్రూప్స్ కోచింగ్‌కి పంపుదామనుకున్నాం, వీడేమో ఎంఏ హిస్టరీ చేస్తాను, సొంత ఛానల్ పెడతాను, అసలు చరిత్ర బయటపెడతాను అంటున్నాడు. దీనికి భవిష్యత్తు ఉందా? వీణ్ణి ఎవరైనా పాడుచేస్తున్నారా? – ఒక తల్లి

జవాబు:

అమ్మా, ముందు ఆ కంచం సంగతి పక్కన పెట్టండి. ఇరవయ్యేళ్ల కుర్రాడు అర్ధరాత్రి దాకా మేల్కొని చరిత్ర వింటున్నాడంటే నాకు కొంచెం సంతోషమే. నా దగ్గరికొచ్చే పిల్లల్లో సగం మందికి నీకేది ఇష్టం అని అడిగితే జవాబుండదు, అమ్మ మొహం చూస్తారు. మీవాడికి ఒక ఆకలి ఉంది. ఏం తింటున్నాడన్నదే మనం చూడాల్సింది.

వాడు చెప్పేదంతా చెత్త అని వాళ్ల నాన్నగారు అంటున్నట్టున్నారు. అది సరికాదు. పాఠ్యపుస్తకాల్లో తప్పులున్నాయి, వాటిని పట్టుకున్నవాళ్లూ ఉన్నారు. మేం చదువుకున్నప్పుడు ఆర్యులు గుర్రాలెక్కి వచ్చి సింధు నగరాలను నరికి పారేశారని చెప్పేవారు. మొహెంజొదారోలో దొరికిన అస్థిపంజరాలు చూసి మార్టిమర్ వీలర్ అనే ఇంగ్లీషు పురావస్తు అధికారి కట్టిన కథ అది. ఆ అస్థిపంజరాలు ఒకే రోజు, ఒకే దాడిలో చచ్చిపోయినవాళ్లవి కావని జార్జ్ డేల్స్ అనే అమెరికన్ 1964లోనే రాశాడు. అయినా ఆ ఊచకోత కథ ఆ తర్వాత కూడా ఏళ్ల తరబడి నడిచింది. కాబట్టి "మాకు తప్పు చెప్పారు" అని మీవాడు అంటే, ఆ ఒక్క మాటకి వాళ్ల నాన్నగారు ఒప్పుకోవాలి.

కానీ కథ అక్కడితో ఆగలేదు, మీవాడు చూసే వీడియోలు మాత్రం అక్కడే ఆగిపోతాయి. 2019లో ఒకే సమయంలో రెండు పరిశోధనలు వచ్చాయి. హర్యానాలోని రాఖీగఢీలో దొరికిన ఒక సింధు నాగరికత కాలపు మహిళ డీఎన్ఏలో మధ్య ఆసియా గడ్డిమైదానాల వారి (ఆర్యులు వచ్చారనేది అటునుంచే) జాడ లేదని ఒకటి తేల్చింది. ఆ జాడ మన ఉపఖండంలోకి ఆ తర్వాత, క్రీస్తుపూర్వం రెండో సహస్రాబ్దిలో వచ్చిందని ఇంకోటి తేల్చింది. రెండిట్లోనూ పనిచేసిన శాస్త్రవేత్తల్లో కొందరు ఒకళ్లే! మొదటిది పట్టుకుని ఒక వర్గం గెలిచామంది, రెండోది పట్టుకుని ఇంకో వర్గం గెలిచామంది. ఒకే కూరలో ముక్కలన్నీ ఒకరు, పులుసంతా ఒకరు తినేసి ఎవరికి వాళ్లు వంట బాగుందనుకోవడం ఇది.

ఇప్పుడు నా పరువు పోయిన సంగతి చెబుతాను. చాలా ఏళ్ల కిందట ఒక జూనియర్ కాలేజీ వాళ్లు ఫేర్‌వెల్‌కి నన్ను మాట్లాడమని పిలిచారు. మన దేశంలో ఇంగ్లీషు చదువులు పెట్టించిన బ్రిటిష్ అధికారి మెకాలే 1835 ఫిబ్రవరి 2న బ్రిటిష్ పార్లమెంటులో మాట్లాడుతూ, భారతదేశం నలుమూలలా తిరిగాను, ఒక్క బిచ్చగాడినీ ఒక్క దొంగనీ చూడలేదు, ఈ దేశం వెన్ను విరవాలంటే దీని పాత చదువుని మార్చెయ్యాలి అన్నాడంటూ ఆవేశంగా చదివేశాను. చప్పట్లు కొట్టారు. అయ్యాక రెండో వరసలో కూర్చున్న ఒక అమ్మాయి వచ్చి, "సార్, ఆ రోజు మెకాలే కలకత్తాలో కదా ఉన్నాడు, పార్లమెంటులో ఎలా మాట్లాడాడు?" అంది. నా దగ్గర జవాబు లేదు. ఇంటికెళ్లి చూస్తే నిజమే. ఆ తేదీన అతను కలకత్తాలో గవర్నర్ జనరల్ కౌన్సిల్‌లో సభ్యుడు, ఆ రోజు అతను రాసింది చదువుల మీద ఒక మినిట్, అంటే అధికారిక నోట్. అందులో నేను చదివిన వాక్యం ఒక్కటీ లేదు. ఉన్నదేంటంటే, మంచి యూరప్ లైబ్రరీలో ఒక్క అర ఈ దేశపు, అరేబియా దేశపు సాహిత్యం మొత్తానికి సమానం అన్న మాట. అసలుదే అంత కడుపు మండేలా ఉన్నప్పుడు నకిలీది ఎందుకండీ మనకి? పైగా నకిలీది దొరికిపోయిన రోజున అసలు కోపాన్ని కూడా ఎవరూ నమ్మరు. మీవాడి ఫోన్లో ఆ మెకాలే మాట ఉండే ఉంటుంది, వెతకమనండి.

వాడిని ఎవరైనా పాడుచేస్తున్నారా అని అడిగారు. నాకు తెలిసి దీనికో చిన్న పరీక్ష ఉంది. తనకి నచ్చని మాట విన్నప్పుడు "ఆధారం ఏది?" అంటాడు సరే, తనకి నచ్చిన మాట విన్నప్పుడూ అలాగే అడుగుతాడా? అడిగితే వాడు చరిత్ర విద్యార్థి. అడగకపోతే ఒక జట్టుకి అభిమాని, అంతే. వాళ్ల నాన్నగారికీ ఇదే పరీక్ష పెట్టండి, నేను చెప్పానని చెప్పకండి.

ఇంకో సంగతి. మీవాడు గౌరవించే పెద్దలు వీడియోల్లో కనిపించేటంత ఏకమాట మీద లేరు. 1857 తిరుగుబాటునే తీసుకోండి. అది స్వాతంత్ర్య యుద్ధం అని 1909లో సావర్కర్ పుస్తకం రాశారు. కాంగ్రెస్, వామపక్ష చరిత్రకారులను దుయ్యబట్టడానికి ఇవాళ అందరూ పేరెత్తే ఆర్.సి. మజుందార్ ఉన్నారే, ఆయన 1957లో, ప్రభుత్వం శతజయంతి జరుపుతున్న ఏడాదే, అది మొదటిదీ కాదు, జాతీయమూ కాదు, స్వాతంత్ర్య యుద్ధమూ కాదని తేల్చేశారు. స్వాతంత్ర్యోద్యమ చరిత్ర రాయించే ప్రభుత్వ ప్రాజెక్టు నుంచి అప్పటికే విడిపోయి, ఆ తర్వాత మూడు సంపుటాలు సొంతంగా రాసుకున్నారు. "ఈ ఇద్దరిలో ఎవరు కరెక్టురా?" అని మీవాడిని అడగండి. అన్నం దగ్గర వద్దు, టీ ఇచ్చేటప్పుడు అడగండి.

ఇప్పుడు కెరీర్ సంగతి, కొంచెం కటువుగా చెబుతాను. అభిప్రాయానికి జీతం లేదు. పాత కాగితం చదవగలగడానికి ఉంది, ఎక్కువ కాకపోయినా ఉంది. ఔరంగజేబు మీద ఇవాళ తిట్టేవాళ్లూ పొగిడేవాళ్లూ ఎవరైనా చివరికి తిరగేసేది చరిత్రకారుడు జదునాథ్ సర్కార్ రాసిన ఐదు సంపుటాలనే. ఆయన చదివింది ఇంగ్లీషు సాహిత్యం. ఔరంగజేబు కోసం పారశీకం నేర్చుకున్నారు, మరాఠీ నేర్చుకున్నారు, తర్వాతే కలం పట్టారు. మన వైపు చూస్తే గిడుగు రామమూర్తి పంతులుగారు. వాడుకభాష గిడుగుగానే ఆయన మనకి తెలుసు గానీ, పర్లాకిమిడిలో మాస్టారుగా ఉన్న రోజుల్లో ముఖలింగం గుడి శాసనాలు చదవాలని పాత లిపులు సొంతంగా నేర్చుకున్నారు.

మీవాడికి పారశీకం గానీ, మరాఠా రికార్డులున్న మోడీ లిపి గానీ, కనీసం పాత తెలుగు శాసన లిపి గానీ వచ్చా? రాకపోతే వాడు బయటపెడతానంటున్న "అసలు చరిత్ర" ఇంకొకరు ఇంగ్లీషులోకి మార్చి, ఇంకొకరు హిందీలో వీడియో చేసి, మూడో చేతిలో వాడి దాకా వచ్చిన సరుకు. దాన్నే తెలుగులో మళ్లీ చెప్పడానికి ఎంఏ ఎందుకు, మైకు చాలు.

ఎంఏ చేస్తానంటే చెయ్యనివ్వండి. ఇంటి దగ్గరే ఆంధ్రా యూనివర్సిటీ ఉంది. ఏపీ పీజీసెట్ రాస్తే అక్కడ, సీయూఈటీ పీజీ రాస్తే హైదరాబాద్ సెంట్రల్ యూనివర్సిటీ లాంటి చోట్ల సీటుకి ప్రయత్నించొచ్చు. ఎంఏ తర్వాత యూజీసీ నెట్ రాయాలి, అందులో జేఆర్ఎఫ్ వస్తే నెలకి 37,000 ఫెలోషిప్‌తో పీహెచ్‌డీ చేసుకోవచ్చు. జూనియర్ లెక్చరర్ పోస్టుకి పీజీ చాలు, డిగ్రీ కాలేజీకైతే నెట్ గానీ సెట్ గానీ పీహెచ్‌డీ గానీ కావాలి. స్కూల్ టీచర్ దారి బీఈడీ, డీఎస్సీ, అది మీకు తెలిసిందే. ఇవన్నీ ఖాళీలు పడాలి, నోటిఫికేషన్ రావాలి, కోర్టులో ఆగకుండా ఉండాలి, కాబట్టి ఆశలు మరీ పెంచుకోకండి. మీరనుకున్న గ్రూప్స్‌లోనూ హిస్టరీ పేపరుంది, ఈ చదువు అక్కడా వృథా పోదు.

నేను ఎక్కువ మక్కువ చూపే దారి వేరే ఉంది. శాసనాలు, తాళపత్రాలు. కేంద్ర పురావస్తు శాఖ శాసన విభాగం మైసూరులో ఉంది, పురావస్తు డిప్లొమా కావాలంటే గ్రేటర్ నోయిడాలో ఆ శాఖ సంస్థే నడుపుతోంది. కోటికి పైగా రాతప్రతులను సర్వే చేసి భద్రపరచడానికి "జ్ఞాన భారతం" అని 2025 కేంద్ర బడ్జెట్‌లో ప్రకటించారు. కోటి ప్రతులు స్కాన్ చెయ్యడానికి మిషన్లు దొరుకుతాయి, చదవడానికి మనుషులు దొరకాలి కదా. గర్వించదగ్గ గతం ఉందని రోజూ అరిచేవాళ్లలో ఒక తాటాకు చేత్తో పట్టుకున్నవాళ్లు ఎంతమందో నాకు అనుమానమే.

ఛానల్ విషయానికొస్తే ఆపకండి, ఆపితే మీ వెనకాల పెడతాడు. ఒక్క షరతు పెట్టండి. ప్రతి వీడియోలో తను చెప్పే మాట ఏ పుస్తకం ఏ పేజీలో ఉందో ఆ పేజీ తెర మీద చూపించాలి. ఫార్వర్డ్ మెసేజిని చూపిస్తే కుదరదు. ఈ షరతుతో నెలకి ఒక్క వీడియో కూడా రాదు, అదే మంచిది. డబ్బులొస్తాయని లెక్క వేసుకోవద్దు, ఎడిటింగ్ చేతికొస్తే అది మాత్రం రేపు ఎక్కడైనా పనికొస్తుంది. ఒక హెచ్చరిక కూడా. ఏదో ఒక మతాన్నో కులాన్నో రెచ్చగొట్టేలా పోస్టు పెడితే భారతీయ న్యాయ సంహిత 196 కింద కేసు అవ్వొచ్చు. సర్కారీ ఉద్యోగం రాయాలనుకునే కుర్రాడికి పోలీస్ వెరిఫికేషన్ అంటూ ఒకటుంటుంది. లైకులు కొట్టినవాళ్లెవరూ స్టేషన్‌కి తోడు రారు.

మొదటి వీడియోకి విషయం నేనే చెబుతాను. ఢిల్లీ, చిత్తోర్‌గఢ్ దాకా పోనక్కర్లేదు. 1757 జనవరి 24న బొబ్బిలి కోట పడిపోయింది. మనకి తెలిసిన కథలో తాండ్ర పాపారాయుడు వీరుడు, ఫ్రెంచి సేనాని బుస్సీని వెంటబెట్టుకొచ్చిన విజయనగరం రాజు విలన్. సరే. అదే విజయనగరం వంశంలో చిన విజయరామరాజు ముప్పై ఏడేళ్ల తర్వాత, 1794 జూలై 10న, ఈస్టిండియా కంపెనీ సైన్యంతో పోరాడి మన పక్కనున్న పద్మనాభంలో చనిపోయాడు. బొబ్బిలి గురించి పాట పాడేవాళ్లున్నారు, పద్మనాభం గురించి ఎంతమందికి తెలుసు? అదే ఇల్లు ఒకసారి ద్రోహి, ఒకసారి వీరుడు. దీన్ని ఏ జట్టూ వాడుకోలేదు కాబట్టి ఎవరూ వీడియో చెయ్యరు. ఆదివారం బస్సెక్కి పద్మనాభం వెళ్లి రమ్మనండి, వాళ్ల నాన్నని కూడా తీసుకెళ్తే ఇంకా మంచిది.

రెండోది కాస్త పెద్ద పని, కానీ మీవాడి మనసుకి దగ్గరగా ఉంటుంది. ఇంగ్లీషువాళ్లు రాకముందు మనకి చదువే లేదన్న మాటని నిజంగా దెబ్బకొట్టినవాడు ధరంపాల్. ఆయన గాంధేయవాది, యూనివర్సిటీ ప్రొఫెసరేమీ కాదు, లండన్‌లోనూ మద్రాసులోనూ ఆర్కైవ్స్‌లో ఏళ్ల తరబడి కూర్చున్నాడు. 1822లో మద్రాసు గవర్నర్ థామస్ మన్రో జిల్లా కలెక్టర్లందరినీ మీ జిల్లాలో బళ్లెన్ని, పిల్లలెందరు, ఏ కులం వాళ్లెందరు అని అడిగాడు. వైజాగపట్నం కలెక్టరూ జవాబు పంపాడు. 1826లో మన్రో లెక్క కట్టిస్తే మద్రాసు ప్రెసిడెన్సీ (అప్పటి మద్రాసు రాష్ట్రం) మొత్తం మీద 12,498 బళ్లు, 1,88,650 మంది విద్యార్థులు తేలారు. ఇది కంపెనీ సొంత కాగితం, దీన్ని ఎవరూ కల్పించారనలేరు. చూశారా, ఆధారంతో తిరగరాస్తే ఎంత బలముంటుందో. అయితే అదే కాగితంలో ఇంకో సగం ఉంది. ఆడపిల్లలు చాలా తక్కువ. తమిళ జిల్లాల బళ్లలో శూద్రుల పిల్లలే ఎక్కువగా ఉంటే, మన తెలుగు జిల్లాల్లో బ్రాహ్మణ పిల్లల వాటా అంతకంటే బాగా ఎక్కువ. మొదటి సగం చూసి మీవాడు ఛాతీ విరుచుకుంటాడు, రెండో సగం చూపించి వాళ్ల నాన్నగారు మీసం తిప్పుతారు. కాగితం మాత్రం ఒక్కటే. ఆ రెండు సగాలూ ఒకే వీడియోలో పెట్టగలిగితే మీవాడిని ఎంఏకి కళ్లు మూసుకుని పంపండి.

ఆ కలెక్టర్ల జవాబులు చెన్నై ఎగ్మోర్‌లోని తమిళనాడు ఆర్కైవ్స్‌లో, పాత బోర్డ్ ఆఫ్ రెవెన్యూ కాగితాల్లో ఉన్నాయి. ముందుగా అనుమతి తీసుకోవాలి, కాలేజీ లెక్చరర్ ఉత్తరం రాసిస్తే పని తేలికవుతుంది. పరీక్షలయ్యాక ఒక వారానికి సరిపడా డబ్బులిచ్చి రైలెక్కించండి, కోచింగ్‌కి కట్టాలనుకున్న ఫీజులో ఒక మూల కూడా కాదు అది. ఆ పాత కాగితాల దగ్గర పెన్ను తీయనివ్వరు. బ్యాగులో రెండు పెన్సిళ్లు వేసి పంపండి.