క్రిమినల్ ప్రొసీజర్, జువైనల్ జస్టిస్, ప్రొబేషన్: మూడూ కలిపి ఎలా చదవాలి?

మీ ప్రశ్న చదివాను. ఇచ్ఛాపురంలో ఇంటర్ దాకా తెలుగు మీడియం, ఇప్పుడు ఒడిశాలోని బరంపురంలో ఎల్ఎల్‌బీ. ఒకే పేపర్లో క్రిమినల్ ప్రొసీజర్, జువైనల్ జస్టిస్ చట్టం, ప్రొబేషన్ చట్టం. సీనియర్లు ఇచ్చిన నోట్సులో పాత క్రిమినల్ ప్రొసీజర్ కోడ్, అంటే సీఆర్‌పీసీ నంబర్లు, క్లాసులో చెప్పేవి దాని స్థానంలో వచ్చిన భారతీయ నాగరిక్ సురక్షా సంహిత, అంటే బీఎన్ఎస్ఎస్ నంబర్లు. పరీక్ష రెండు నెలల్లో ఉంది, ఏది ముందు చదవాలి, విడివిడిగా బట్టీ పట్టాలా, ఇంగ్లీషుతో ఎలా నెగ్గుకురావాలి అని అడిగారు.

నేనూ బరంపురంలోనే చదివి, ఇదే పేపర్ రాశాను. ఇప్పుడు ఇక్కడి కోర్టులోనే ప్రాక్టీసు చేస్తున్నాను. మా రోజుల్లో గందరగోళం ఇంకో రకంగా ఉండేది. 2015 నాటి జువైనల్ జస్టిస్ చట్టం 2016 జనవరి 15న అమల్లోకి వచ్చింది. మా మధ్య తిరిగే నోట్సు మాత్రం అంతకు ముందున్న 2000 నాటి చట్టానిది. దాన్నే నమ్ముకుని, పద్దెనిమిదేళ్లలోపు వాళ్లను ఏ కేసులోనూ పెద్దవాళ్లలా విచారించకూడదని రెండు పేజీలు రాసి వచ్చాను. పదహారు నిండినవాళ్లను ఘోర నేరాల్లో పెద్దవాళ్లలా విచారించే వీలు కల్పించే సెక్షన్ 15 అనేది ఒకటి వచ్చిందని పరీక్ష హాలు బయట మెట్ల మీద స్నేహితురాలు చెబితే తెలిసింది. ఆ రాత్రి అన్నం సహించలేదు. అందుకని నోట్సు పక్కన పెట్టి మూడింటికీ తాజా బేర్ యాక్టులు, అంటే వ్యాఖ్యానం లేని చట్టం పుస్తకాలు, కొనుక్కోండి. జువైనల్ జస్టిస్ చట్టానికి 2021లో చేసిన సవరణ 2022 సెప్టెంబరు 1 నుంచి అమల్లో ఉంది. అది కలిపి అచ్చేసిన పుస్తకమేనా అని చూసుకుని మరీ కొనండి.

ఇక చదవడం. మూడు చట్టాలని అనుకోకండి. ఒక మనిషిని ఠాణాకు తీసుకెళ్లిన దగ్గర్నుంచి అతను తిరిగి ఇంటికి చేరేదాకా ఉన్న ఒకే దారి అనుకోండి. బీఎన్ఎస్ఎస్ ఆ పెద్ద రోడ్డు. దారి మొదట్లోనే, పద్దెనిమిది నిండనివాళ్లకు పక్కకు వేరే రోడ్డు చీలుతుంది. అది జువైనల్ జస్టిస్ చట్టం. దారి చివర, నేరం రుజువయ్యాక, జైలు వైపు కాకుండా ఇంటి వైపు తిరిగే రోడ్డు ప్రొబేషన్. రెండు మలుపుల దగ్గరా అడిగేది వయసే. కానీ ఏ రోజు నాటి వయసు? విద్యార్థులు ఎక్కువగా జారేది ఇక్కడే.

పద్దెనిమిది లెక్క నేరం జరిగిన రోజుది. ప్రతాప్ సింగ్ కేసులో సుప్రీంకోర్టు 2005లో ఇది తేల్చింది. నేరం జరిగిన నాడు పదిహేడున్నర ఉండి, దొరికేసరికి ఇరవై వచ్చినా అతని కేసు పిల్లల కేసులు విచారించే జువైనల్ జస్టిస్ బోర్డుకే వెళ్లాలి. ప్రొబేషన్ చట్టం సెక్షన్ 6 ఇరవై ఒకటి నిండనివాళ్లకు వీలైనంతవరకు జైలు తప్పిస్తుంది. ఆ ఇరవై ఒకటి లెక్క అలా కాదు. దోషి అని తేల్చి, ఏ శిక్ష వేయాలా అని కోర్టు ఆలోచించే నాటి వయసు చూడాలి. రామ్‌జీ మిస్సర్ కేసు, 1963. ఈ రెండు తేదీలనూ ఒక కాగితం మీద ఎదురెదురుగా రాసి గోడకు అంటించుకోండి. సమస్య రూపంలో ఇచ్చే ప్రశ్నల్లో చాలావాటికి మెలిక ఇక్కడే ఉంటుంది.

మన ప్రాంతపు ఉదాహరణతో చెబుతాను. కొరాపుట్, మల్కన్‌గిరి, గజపతి వైపు కోర్టుల్లో గంజాయి కేసులు మీకు చెప్పక్కర్లేదు. పదిహేడేళ్ల కుర్రాడి దగ్గర ఒక సంచి దొరికిందనుకుందాం. అందులో కిలో లోపు ఉంటే మత్తుమందుల నియంత్రణకున్న ఎన్‌డీపీఎస్ చట్టం ప్రకారం గరిష్ఠ శిక్ష ఏడాది. జువైనల్ చట్టం లెక్కలో మూడేళ్ల లోపు శిక్ష ఉన్నది చిన్న నేరం. కిలో దాటి, ఇరవై కిలోల వాణిజ్య పరిమాణానికి తక్కువైతే పదేళ్ల దాకా శిక్ష ఉంది కానీ, ఇంత కంటే తగ్గకూడదన్న కనీస శిక్ష లేదు. అది తీవ్ర నేరం. 2021 సవరణ ఈ సంగతిని చట్టంలోనే స్పష్టంగా రాసింది. వాణిజ్య పరిమాణం అయితే కనీస శిక్షే పదేళ్లు. కనీసం ఏడేళ్లు, ఆ పైన ఉన్నది ఘోర నేరం కాబట్టి, పదహారు నిండిన కుర్రాడి విషయంలో బోర్డు సెక్షన్ 15 కింద ప్రాథమిక అంచనా వేయాలి. ఆ నేరం చేసే శారీరక, మానసిక శక్తి అతనికి ఉందా, దాని పర్యవసానం అర్థమయ్యే స్థితి ఉందా, ఏ పరిస్థితుల్లో చేశాడు అన్నవి చూస్తారు. నేరం చేశాడా లేదా అన్నది ఆ దశలో తేల్చరు. కుర్రాడు అతనే, సంచీ అదే. బరువు మారితే చట్టం పట్టే దారి మారిపోతుంది. చిన్న, తీవ్ర, ఘోర అనే మూడు నిర్వచనాలు నా బుర్రలోకి ఎక్కింది ఈ లెక్క వేసుకున్నాకే.

అదే సంచి పంతొమ్మిదేళ్ల అబ్బాయి దగ్గర దొరికితే? ఇరవై ఒకటి నిండలేదు కదా, సెక్షన్ 6 కింద ప్రొబేషన్ ఇవ్వొచ్చు అని రాసేయకండి. ఎన్‌డీపీఎస్ చట్టం సెక్షన్ 33 ఆ తలుపు మూసేసింది. పద్దెనిమిది లోపు వాళ్లకు, 26, 27 సెక్షన్ల కింద దోషులైనవాళ్లకు తప్ప ప్రొబేషన్ వర్తించదు. కూలి డబ్బు కోసం మూట మోసిన పంతొమ్మిదేళ్ల కుర్రాళ్లకు కూడా ఇదే నియమం. నాకు ఇది చాలా బాధగా అనిపిస్తుంది. పరీక్షలో మాత్రం చట్టం ఎలా ఉందో అలాగే రాయాలి.

బెయిల్ దగ్గర రెండు చట్టాలనూ పక్కపక్కన పెట్టి చదవండి. పెద్దవాళ్లకు నాన్ బెయిలబుల్ నేరంలో బెయిల్ కోర్టు విచక్షణ. పిల్లవాడికి జువైనల్ చట్టం సెక్షన్ 12 కింద బెయిల్ ఇవ్వడమే నియమం, నేరం బెయిలబుల్ అయినా కాకపోయినా. కాదనడానికి మూడే కారణాలు: తెలిసిన నేరస్థుల సావాసంలో పడతాడని, నైతికంగానో శారీరకంగానో మానసికంగానో ప్రమాదంలో పడతాడని, వదిలితే న్యాయానికి భంగమని. అందులో ఏదో ఒకటి నమ్మడానికి ఆధారం ఉండాలి, కారణం రాతపూర్వకంగా నమోదు చేయాలి. బెయిల్ వచ్చినా షరతులు తీర్చలేక వారం దాటితే, షరతులు మార్చడానికి పిల్లవాణ్ని మళ్లీ బోర్డు ముందుకు తేవాలి. జామీను దొరకని ఇళ్లకు ఈ చిన్న ఉపసెక్షన్ ఎంత అవసరమో చెప్పలేను.

ఆ మూడు కారణాలకు ఆధారం ఎక్కడిది? చాలావరకు ప్రొబేషన్ అధికారి ఇచ్చే సామాజిక పరిశోధన నివేదిక. రెండు వారాల్లో ఇవ్వాలి. చదువుకునేటప్పుడు నాకది ఒక ఫారం, అంతే. చివరి ఏడాదిలో న్యాయ సాయం అందించే పారా లీగల్ వాలంటీరుగా వెళ్లినప్పుడు అది నా చేతికే వచ్చింది. పిల్లవాడి ఊరు, కేసు చెప్పను. జువైనల్ చట్టం సెక్షన్ 74 ప్రకారం గుర్తుపట్టేలా ఏదీ బయటపెట్టకూడదు. సముద్రం ఒడ్డున ఉండే తెలుగు కుటుంబం, ఇంట్లో పెద్దదిక్కు బామ్మ. ఆమెకు ఒడియా అంతంత మాత్రం. అడిగేవాళ్లు ఒడియాలో అడిగారు, మధ్యలో ఒకాయన తర్జుమా చేశారు. ఆయనకు వచ్చింది బజారు తెలుగు. కాగితం మీద ఇంగ్లీషులో పడిన రాతను తెలుగులో చెబితే ఇది: "కుర్రవాడు ఇంట్లో ఉండడు, రాత్రిళ్లు జంతువుల వేటకు పోతాడు."

నాకు అనుమానం వచ్చి, బామ్మ పక్కన కూర్చుని మళ్లీ అడిగాను. "మావోడు ఇంటి పట్టున ఉండడమ్మా. సీకటితో మేనమామ తోటి ఏటకెల్తాడు, పొద్దెక్కినాక వస్తాడు" అంది. మన తీరం ఊళ్లలో ఏట అంటే చేపల వేట అని మీకు తెలుసు. మేనమామ పడవలో పనికి వెళ్లే పిల్లవాడు, నివేదికలో ఇల్లు పట్టకుండా రాత్రిళ్లు తిరిగేవాడయ్యాడు. సెక్షన్ 12లోని 'నైతిక ప్రమాదం' అనే మాటకు ఆ ఒక్క వాక్యం సరిగ్గా అతికిపోతుంది. ప్రొబేషన్ అధికారికి చెబితే ఆమె విసుక్కోలేదు. మళ్లీ అడిగి, ఆ వాక్యం కొట్టేసి, సరిచేసి రాసి సంతకం పెట్టారు. బామ్మ దగ్గరికే పిల్లవాణ్ని పంపారు.

వయసు రుజువు కూడా మన సరిహద్దు ఇళ్లలో పెద్ద తలనొప్పి. కాన్పు అమ్మగారి ఊళ్లో, అంటే ఆంధ్రాలో. బడి ఇటు ఒడిశాలో. రెండు చోట్లా రెండు పుట్టిన తేదీలు. జువైనల్ చట్టం సెక్షన్ 94 వరస గుర్తుంటే చిక్కు లేదు. ముందు బడి ఇచ్చిన పుట్టిన తేదీ ధ్రువపత్రం లేదా మెట్రిక్ సర్టిఫికెట్. అవి లేకుంటే మున్సిపాలిటీ లేదా పంచాయతీ ఇచ్చిన జనన ధ్రువపత్రం. అదీ లేకుంటేనే ఎముకల పరీక్ష. ఆ జాబితాలో ఆధార్ లేదు.

ప్రొబేషన్ చట్టం 1958 నాటిది, మొత్తం 19 సెక్షన్లు. ఒక మధ్యాహ్నం చాలు, దానితోనే మొదలుపెట్టండి. సెక్షన్ 3 మందలించి వదిలేయడం, 4 మంచి నడవడి బాండు మీద వదలడం, 6 ఇరవై ఒకటి నిండనివాళ్ల సంగతి. సెక్షన్ 4లో 'మే' ఉంది, అంటే వదలవచ్చు. 6లో 'షల్ నాట్' ఉంది. యావజ్జీవ శిక్ష పడే నేరం కానప్పుడు, ప్రొబేషన్ తగదని నమ్మకం కుదిరితే తప్ప జైలు శిక్ష వేయరాదు. మీరు ఇంగ్లీషు గురించి భయపడ్డారు కదా, నేను చేసింది ఇదే. ప్రతి సెక్షన్‌నూ ముందు తెలుగులో ఒక వాక్యంగా రాసేదాన్ని. 'చేయవచ్చు', 'చేయాలి', 'అయితే తప్ప చేయరాదు' అన్న మూడు ముగింపుల్లో ఏది పెట్టాలో తేలిందంటే సెక్షన్ అర్థమైనట్టే. తర్వాత ఇంగ్లీషులో చిన్న చిన్న వాక్యాల్లో రాయడం కష్టం కాదు.

సెక్షన్ 6కు రతన్‌లాల్ కేసు తప్పకుండా రాయండి. పదహారేళ్ల కుర్రాడికి ఆర్నెల్ల కఠిన శిక్ష పడింది. తీర్పు నాటికి ఆ జిల్లాలో ప్రొబేషన్ చట్టం అమల్లోకే రాలేదు, అప్పీలు నడుస్తుండగా వచ్చింది. అయినా అప్పీలు కోర్టు ఆ మేలు చేయవచ్చని 1964లో సుప్రీంకోర్టు చెప్పింది. మెజారిటీ తీర్పు రాసింది మన రాజమండ్రిలో పుట్టిన కోకా సుబ్బారావు గారు. నేను ఆ తీర్పును మొదట ఆయన పేరు చూసి చదివాను, తర్వాత తీర్పు కోసమే మళ్లీ చదివాను.

నంబర్ల గొడవకు వస్తే, బీఎన్ఎస్ఎస్ 2024 జూలై 1న అమల్లోకి వచ్చింది. అప్పటికే నడుస్తున్న దర్యాప్తులు, విచారణలు సెక్షన్ 531 వల్ల పాత కోడ్ కిందే సాగుతాయి. కాబట్టి పాత నంబర్లు వృథా కావు, జంటలుగా నేర్చుకోండి. ఎఫ్‌ఐఆర్ 154 ఇప్పుడు 173. రిమాండు 167 ఇప్పుడు 187. ముద్దాయిని ప్రశ్నించడం 313 ఇప్పుడు 351. ప్రొబేషన్ 360 ఇప్పుడు 401, దానికి తోడుగా, ప్రొబేషన్ ఇవ్వకుంటే కారణం రాయాలనే 361 ఇప్పుడు 402. ముందస్తు బెయిల్ 438 ఇప్పుడు 482. పాత 482 హైకోర్టు సహజాధికారం, అది 528కి వెళ్లింది. ఈ 482 దగ్గర వకీళ్లే ఇంకా తడబడుతున్నారు. ప్రొబేషన్ చట్టం సెక్షన్ 3లో ఐపీసీ నంబర్లు ఉంటాయి, 379 (దొంగతనం) అంటే ఇప్పుడు ఐపీసీ స్థానంలో వచ్చిన బీఎన్ఎస్ 303 అని పక్కనే పెన్సిల్‌తో రాసుకోండి.

బీఎన్ఎస్ఎస్ 531 సెక్షన్లూ చదవాల్సిన పని లేదు. అరెస్టు, దర్యాప్తు, రిమాండు, బెయిల్, ఛార్జి, విచారణ, తీర్పు, ఈ వరసలో నాలుగు వారాలు. జువైనల్ చట్టంలో 112 సెక్షన్లున్నా, ముందు రెండు నుంచి నాలుగో అధ్యాయాలు, తర్వాత అయిదు, ఆరు. పది రోజులు పడుతుంది. మిగిలిన రోజులు పాత ప్రశ్నపత్రాలకు.

బోర్డు విచారణలు చూడాలని వెళ్లకండి, అవి బయటివాళ్లకు కాదు. మేజిస్ట్రేటు కోర్టులో వెనక బెంచీ మీద రెండు మూడు రోజులు కూర్చోండి. దోషి అని చెప్పాక శిక్ష గురించి అడిగే ఘట్టం వస్తుంది. సెషన్స్ విచారణలో దీనికి సెక్షన్ 258(2) ఉంది, ఆ వాక్యంలోనే 401 పేరు కనిపిస్తుంది. ఆ నిమిషంలో వకీలు లేచి ప్రొబేషన్ అడుగుతారా, ప్రొబేషన్ అధికారి నివేదిక తెప్పించమంటారా, లేక "కుటుంబానికి ఇతనే ఆధారం, దయచూపండి" అని కూర్చుండిపోతారా, చూసి మీ పుస్తకంలో ముద్దాయి వయసుతో సహా రాసుకోండి.