‘ఊరికే విచారణకే’ అని రాత్రంతా స్టేషన్‌లో ఉంచొచ్చా?

అరెస్టు చేసిన మనిషిని 24 గంటల్లో మెజిస్ట్రేటు ముందు హాజరుపరచాలన్న హక్కు ఎప్పటిది, నిజంగా పనికొస్తుందా అని ఒకరు అడిగారు. పనికొస్తుంది, కానీ పట్టుబట్టి అడిగేవాళ్ళుండాలి.

అది రాజ్యాంగం 22వ అధికరణలో 1950 నుంచీ ఉంది. ఆ 24 గంటల లెక్కలో ప్రయాణ సమయం కలపరు. అయితే ఎమర్జెన్సీలో విచారణ లేకుండా జైల్లో పెట్టినవాళ్ళకి హెబియస్ కార్పస్ (నిర్బంధించిన మనిషిని కోర్టు ముందుకు తెమ్మని కోరే పిటిషన్) వేసే అవకాశం కూడా లేదని 1976 ఏప్రిల్ 28న సుప్రీంకోర్టు చెప్పింది. ఐదుగురు జడ్జీల్లో హెచ్.ఆర్. ఖన్నా ఒక్కరే కాదన్నారు. మరుసటి జనవరిలో ఆయన్ని దాటేసి జూనియర్‌ని ప్రధాన న్యాయమూర్తిని చేశారు, ఆయన రాజీనామా ఇచ్చేశారు. మన న్యాయచరిత్రలో నాకు అన్నిటికంటే గౌరవమున్న పేరు ఆయనదే. ఎమర్జెన్సీలోనైనా ప్రాణానికీ స్వేచ్ఛకీ రక్షణ ఇచ్చే 21వ అధికరణ జోలికి వెళ్ళకూడదని తర్వాత 44వ సవరణతో రాశారు. ఆ 1976 తీర్పును 2017లో గోప్యత హక్కు కేసులో సుప్రీంకోర్టే తప్పని కొట్టేసింది.

స్టేషన్ గుమ్మం దగ్గర మాత్రం పనికొచ్చేది డి.కె. బసు తీర్పు. పశ్చిమ బెంగాల్లో న్యాయసహాయ సంస్థ నడిపే బసు గారు, లాకప్ మరణాల వార్తలు చూసి 1986లో సుప్రీంకోర్టుకి ఉత్తరం రాశారు. తీర్పు వచ్చేసరికి పదేళ్ళు పట్టింది. అరెస్టు మెమో, అంటే అరెస్టు చేసినట్టు కాగితం, రాయాలి, అందులో తేదీ, సమయం ఉండాలి, సాక్షి సంతకం ఉండాలి, ఇంట్లోవాళ్ళకి తెలియజేయాలి. వీటిలో చాలావరకు ఇప్పుడు చట్టంలోనే ఉన్నాయి.

మా పిన్ని కొడుకుని, పనిచేసే షాపులో దొంగతనం జరిగిందని తీసుకెళ్ళి రెండు రాత్రులు ఉంచారు. అడిగితే “అరెస్టేం కాదు, విచారణే” అన్నారు. పిన్ని అన్నం ముట్టలేదు. తెలిసిన లాయరుగారు వచ్చి గొంతు పెంచకుండా ఒక్కటే అడిగారు: “అరెస్టు చేస్తే మెమో చూపించండి, చేయకపోతే అబ్బాయిని పంపించండి.” అదే మాట కాగితం మీద రాసి, అందినట్టు సంతకం పెట్టమన్నారు. సంతకం పెట్టలేదు గానీ, ఆ సాయంత్రమే అబ్బాయిని పంపించేశారు.

అందుకే మీవాళ్ళని తీసుకెళ్తే ముందు టైము రాసిపెట్టుకోండి, వెంటనే మెమో అడగండి. ఇవ్వకపోతే ఎస్పీకి రిజిస్టర్డ్ పోస్టులో ఫిర్యాదు పంపి, రశీదు దాచుకోండి. లాయరుకి డబ్బుల్లేవని ఆగకండి. కస్టడీలో ఉన్నవాళ్ళకి జిల్లా న్యాయసేవాధికార సంస్థ ఉచితంగా లాయరుని ఇస్తుంది, 15100కి ఫోన్ చేయొచ్చు.