లేటు పెనాల్టీకి సమ్మరీ సూట్ కుదురుతుందా?

ప్రశ్న: సరుకు లేటైతే రోజుకింత కట్టాలని అగ్రిమెంట్‌లో రాసుకున్నాం సార్, వాళ్లు లేటు చేశారు, ఆ డబ్బుకి సమ్మరీ సూట్ వేసేయొచ్చా?

జవాబు: తొందరపడకండి. సివిల్ ప్రొసీజర్ కోడ్ ఆర్డర్ 37 కింద వేసే సమ్మరీ సూట్, అంటే పూర్తి విచారణ లేకుండా త్వరగా తేల్చే దావా, చెక్కు, ప్రామిసరీ నోటు, రాతపూర్వక ఒప్పందం మీద తేలిన బాకీ లాంటివాటికి, మీది ఇంకా బాకీ కాదండీ, కోర్టు తేల్చాల్సిన నష్టపరిహారం, 1974లో రామన్ ఐరన్ ఫౌండ్రీ కేసులో సుప్రీంకోర్టు చెప్పిందీ ఇదే. పైగా కాంట్రాక్ట్ చట్టం సెక్షన్ 74 ప్రకారం అగ్రిమెంట్‌లో రాసుకున్న మొత్తం గరిష్ఠ పరిమితి మాత్రమే, అసలు నష్టమే జరక్కపోతే పైసా రాదని 2015 కైలాష్ నాథ్ తీర్పు. కాబట్టి మామూలు దావానే వేయండి, లేటు వల్ల ఎంత పోయిందో చూపించే బిల్లులు, మెయిల్స్ అన్నీ ఇప్పుడే జాగ్రత్త చేయండి, ఇది మాత్రం దయచేసి అశ్రద్ధ చేయొద్దు. కమర్షియల్ వివాదం విలువ 3 లక్షలు, ఆపైన అయితే, అర్జెంట్ ఆర్డర్ అవసరం లేనప్పుడు, ముందు మీడియేషన్‌కి, అంటే మధ్యవర్తి ద్వారా రాజీ ప్రయత్నానికి, వెళ్లాల్సిందే.