వ్యాకరణాన్ని ఇష్టంగా చదివేవారు నిజంగా ఉంటారా? ఉంటే అందులో వారికి కనిపించేది ఏమిటి?

మార్కుల కోసం తప్ప వ్యాకరణం జోలికి ఎవరూ పోరని, సూత్రాలు కంఠస్థం చేయడంలో ఆనందం ఏముంటుందని, సాహిత్యం చదివేటప్పుడుగానీ నలుగురితో మాట్లాడేటప్పుడుగానీ అది ఎందుకైనా పనికొస్తుందా అని మీరు అడిగారు. నేను చాలా ఏళ్లుగా ఇతరుల రాతప్రతులు దిద్దే పనిలో ఉన్నాను. ఆ పనికి వ్యాకరణం అవసరమే గానీ, దాని మీద నాకున్న ఇష్టం ఆ అవసరం వల్ల పుట్టింది కాదు. తప్పులు పట్టడం అందులో అన్నిటికన్నా చప్పని భాగమని నా అభిప్రాయం. పసితనం నుంచి ఎవరూ నేర్పకుండానే మనం పాటిస్తూ వచ్చిన కట్టుబాట్లు మన నోట్లోనే ఉన్నాయని, వాటికి ఒక క్రమం ఉందని, ఆ క్రమాన్ని ఎవరో ఓపికగా గమనించి ఒక్క వాక్యంలో చెప్పగలిగారని తెలిసినప్పుడు కలిగే ఆశ్చర్యమే నన్ను మళ్లీ మళ్లీ దాని దగ్గరికి లాక్కెళుతుంది.

కొంతకాలం హిందీ మాతృభాషగా గల ఒక సహోద్యోగికి తీరిక వేళల్లో తెలుగు నేర్పాను. ఆయన ఒకనాడు తన నోటుపుస్తకంలో రెండు వరుసలు రాసుకొచ్చారు. మొదటి వరుసలో ఇంటికి, పిల్లికి, తల్లికి, వారికి. రెండో వరుసలో ఆవుకు, చెట్టుకు, నాకు, మాకు. ఏ మాటకు ‘కి’ చేర్చాలో, ఏ మాటకు ‘కు’ చేర్చాలో బట్టీ పట్టవలసిందేనా అని ఆయన సందేహం. నేను నోరు తెరిచేలోపే, మొదటి వరుసలో ‘కి’ ముందున్న అచ్చు ప్రతిచోటా ఇకారమేనని ఆయనే వేలు పెట్టి చూపించారు. పరవస్తు చిన్నయసూరి బాలవ్యాకరణం వెలువడింది 1858లో. ఇకారం మీద వచ్చే కు, ను, వు అనే వాటిలోను, క్రియావిభక్తుల్లోను ఉన్న ఉకారం ఇకారంగా మారుతుందని అందులో ఒక చిన్న సూత్రం ఉంది. అది చూపించాక ఆయన ఊరుకోలేదు. ‘పిల్లిని’, ‘ఆవును’ అన్న జంటకూ అదే వర్తిస్తుందని కనిపెట్టారు. పాత గ్రంథాల్లోని ‘వచ్చితిని, వచ్చితివి’ ఒకవైపు, ‘వచ్చెదను, వచ్చెదవు’ మరొకవైపు పెట్టి చూపిస్తే, నామవాచకానికీ క్రియకూ ఒకే సూత్రం సరిపోయినందుకు పరీక్ష నెగ్గినవాడిలా సంబరపడ్డారు. మాటల్లో ‘చెట్టుకి’ అనేవారు ఎందరో ఉన్నారు గానీ ‘ఇంటికు’ అనేవారు ఒక్కరూ లేరన్నది ఆ తరువాత మా ఇద్దరికీ కలిసి తట్టిన విషయం. ముందున్న అచ్చు తన తరువాతి అచ్చును తన దారికి తెచ్చుకునే ఈ పద్ధతి టర్కిష్ భాషలో ఇంకా విస్తారంగా ఉంది. అక్కడ ప్రత్యయాల్లో చాలావరకు దీనికే లోబడి నడుస్తాయి.

ఒక్క సూత్రంతో ఇన్ని చోట్ల పని జరగడంలోని పొదుపును వ్యాకరణవేత్తలు ఎంత ప్రేమించారో చెప్పే నానుడి ఒకటి సంస్కృతంలో ఉంది: సూత్రంలో అర్ధమాత్ర, అంటే పొట్టి అచ్చును పలికే కాలంలో సగం, తగ్గినా చాలు, వైయాకరణులు కొడుకు పుట్టినంత పండుగ చేసుకుంటారట. సుమారు 4,000 సూత్రాల్లో ఒక మహాభాషను ఇమిడ్చిన పాణిని సంప్రదాయానికి ఆ మాట అతికినట్టు సరిపోతుంది. అయితే నాకు పొదుపు కన్నా ఎక్కువ నచ్చినది ఇంకొకటి ఉంది. తెలుగు సూత్రాల్లో తరచుగా ‘బహుళముగా’ అనే మాట కనిపిస్తుంది. అత్తునకు, అంటే హ్రస్వ అకారానికి, సంధి బహుళంగా వస్తుందంటే, ఒకచోట తప్పక రావచ్చు, ఒకచోట వచ్చినా రాకపోయినా ఫరవాలేదు, మరొకచోట అసలు రాకూడదు, ఇంకొకచోట మనం ఊహించని రూపమే రావచ్చు. ‘మేనల్లుడు’ అనీ ‘మేనయల్లుడు’ అనీ రెండు విధాలా అనవచ్చు. ‘అమ్మ యిచ్చె’ అన్నచోట సంధి కూడదు. ‘ఒక’ పక్కన ‘ఒక’ చేరితే ఎక్కడినుంచో ఒక నకారం దిగి ‘ఒకానొక’ అవుతుంది. బడిలో ఇదంతా విద్యార్థిని ఇరుకున పెట్టడానికే పెట్టారేమో అనిపిస్తుంది. నాకు మాత్రం ఇందులో, భాషను తన సూత్రానికి లొంగదీయబోకుండా దాని ఇష్టాలకు చోటు వదిలిపెట్టిన శాస్త్రకారుడి నిజాయితీ కనిపిస్తుంది.

సాహిత్యం విషయంలో ఒక్క ఉదాహరణే చెబుతాను గానీ కాస్త నిదానంగా చెబుతాను. పోతన భాగవతంలో గజేంద్రుడి మొర విని విష్ణువు బయలుదేరే పద్యం ‘సిరికిం జెప్పడు’ అన్నది తెలుగువారిలో చాలామందికి నోటికి వచ్చు. ఆ పద్యంలో విష్ణువు ఏం చేశాడో చెప్పి వాక్యాన్ని ముగించే సమాపక క్రియ ఒక్కటైనా లేదు. చెప్పడు, సంధింపడు, చీరడు, పన్నింపడు, ఒత్తడు, వీడడు అని ఆరు వ్యతిరేక క్రియలు వరుసగా వస్తాయి. లక్ష్మికి చెప్పడు, చేతుల్లోకి శంఖచక్రాలు తీసుకోడు, పరివారాన్ని పిలవడు, గరుత్మంతుణ్ని సిద్ధం చేయించడు, చెదిరిన జుట్టు సర్దుకోడు, చేతిలో ఉన్న లక్ష్మి పైటకొంగునైనా వదలడు. మామూలుగా చేయవలసినవన్నీ ఇలా కాదని కొట్టివేస్తూ పోగా మిగిలినదే ఆయన తొందర. పాత కావ్యభాషలో ఈ వ్యతిరేక రూపానికి కాలభేదం లేదు. ‘చెప్పడు’ అంటే చెప్పలేదనీ, చెప్పడం లేదనీ, చెప్పబోడనీ కూడా అర్థం. నేటి భాషలో ఆ మూడింటికీ వేరు వేరు రూపాలు వచ్చేశాయి కనుక, ఆ పద్యాన్ని ‘చెప్పలేదు, పిలవలేదు’ అని వచనంలోకి మార్చగానే అది జరిగిపోయిన సంగతి అయిపోతుంది. మూలంలో అది ఇప్పటికీ కళ్లముందు జరుగుతూనే ఉంటుంది.

అదే పద్యంలో మరో సంగతి: ఇదంతా ఎందుకు జరుగుతున్నదో చెప్పే ‘గజప్రాణావనోత్సాహియై’ (ఏనుగు ప్రాణం కాపాడే ఉత్సాహం గలవాడై) అన్న, వాక్యాన్ని ముగించని అసమాపక క్రియ పద్యం చిట్టచివర వస్తుంది. తెలుగు వాక్యంలో అసమాపక క్రియ ముందు, సమాపక క్రియ చివర ఉండడం పరిపాటి కాబట్టి, ఇక్కడ కారణం కార్యం వెనక పరుగెత్తుకుంటూ వచ్చినట్టు అవుతుంది. ద్రుతం, అంటే పదం చివరి నకారం, మీద పరుషాలు (క, చ, ట, త, ప) సరళాలై (గ, జ, డ, ద, బ) ‘సిరికిన్ చెప్పడు’ కాస్తా ‘సిరికిం జెప్పడు’ కావడం వల్ల నాలుక ఎక్కడా ఆగకుండా సాగిపోతుందని కూడా చెప్పవచ్చు, కానీ అది ఆ కాలపు ప్రతి కవికీ ఉన్న సదుపాయమే. పోతన ప్రత్యేకత క్రియల ఎంపికలోనే ఉందని నేననుకుంటాను. వ్యాకరణం తెలియనివారికి ఈ పద్యం నచ్చదని నా ఉద్దేశం కాదు. నచ్చిన తరువాత, ఎందుకు నచ్చిందో వెతుక్కునేవారికి చేతికి ఆధారం దొరుకుతుంది.

ఇక నిత్యజీవితం. నా చెవి తరచుగా ఆగేది వాక్యం చివరి ‘ట’ దగ్గర. ‘రేపు సెలవట’ అన్నప్పుడు, ఈ సంగతి నేను స్వయంగా ఎరగను, ఎవరో చెప్పగా విన్నాను అన్నదంతా ఆ ఒక్క అక్షరం మోస్తుంది. మా కార్యాలయంలో ఒకసారి ఒక వార్త ఉదయం ‘రేపు సెలవు ఇస్తారట’ అని బయలుదేరి, మధ్యాహ్నానికి వాట్సాప్‌లో ‘రేపు సెలవు’ అని స్థిరపడింది. మర్నాడు కొందరు రాలేదు. సంజాయిషీ అడిగితే, మొదట చెప్పిన వ్యక్తి ‘నేను ఇస్తారట అన్నానే గాని ఇస్తారని అనలేదు’ అని గట్టిగా నిలబడ్డారు. పై అధికారి ఒప్పుకోలేదు గానీ, వ్యాకరణరీత్యా ఆ వాదనకు తిరుగులేదు.

అకర్మక క్రియలతో మనుషులు తప్పించుకునే తీరు కూడా ఇటువంటిదే. ‘గ్లాసు పగిలింది’ అనే పిల్లవాడికీ, ‘పొరపాటు దొర్లింది’ అని ఉత్తరం రాసే సంస్థకూ ఒకే ఉపాయం తెలుసు: చేసినవాడు వాక్యంలోనే ఉండడు. నేను దిద్దే ప్రతుల్లో ఇటువంటి వాక్యం వచ్చినప్పుడల్లా పక్కన ‘ఎవరు?’ అని రాయడం నాకు అలవాటు. రచయితల్లో కొందరికి అది బొత్తిగా నచ్చదు. దీనికి మరో పార్శ్వం కూడా ఉంది. ‘నాకు కోపం వచ్చింది’ అన్నప్పుడు తెలుగులో కోపమే కర్త, నేను ‘నాకు’ అన్న రూపంలో పక్కన నిలబడతాను. నిద్ర, జ్వరం, జ్ఞాపకం అన్నీ మనకు ‘వచ్చేవే’. ఇది బాధ్యత తప్పించుకోవడమని నేను అనను. కోపం నిజంగా అలాగే వస్తుంది కదా.

వ్యాకరణం పండితుల చేతి బెత్తం అన్న మీ అనుమానానికి చరిత్రలో ఆధారం లేకపోలేదు. చిన్నయసూరి సూత్రాలనే తెలుగు వచనానికంతటికీ కొలబద్దగా చేసినందుకు గిడుగు రామమూర్తి దశాబ్దాల పాటు పోరాడారు. కానీ ఆయన వ్యాకరణాన్ని ద్వేషించిన మనిషి కాదు. కొండల్లో సవరలు మాట్లాడే భాషను వారి నోట విని నేర్చుకుని, దాని నిర్మాణాన్ని వివరిస్తూ ఆయన ఆంగ్లంలో రాసిన గ్రంథం 1931లో అచ్చయింది. గ్రంథస్థం కాని భాషకు కూడా పూర్తి వ్యాకరణం ఉంటుందని, అది మాట్లాడేవారి నోట్లో ఉంటుందని నమ్మినవాడు మాత్రమే అంతటి శ్రమకు పూనుకోగలడు.

మీరు బాలవ్యాకరణం మొదలుపెట్టదలిస్తే అందులో మొదటి అధ్యాయమైన సంజ్ఞా పరిచ్ఛేదంతో మొదలుపెట్టకండి. పారిభాషిక పదాల బరువుకు రెండో పుటలోనే విసుగు వస్తుంది. సంధి పరిచ్ఛేదంలో ఆమ్రేడితం, అంటే రెండుసార్లు పలికిన మాటలో రెండోది, గురించి చెప్పిన చోటు తెరవండి. కడ, ఎదురు, చివర, నడుమ, పగలు, బయలు, మొదలు వంటి కొన్ని మాటలను రెండుసార్లు పలికినప్పుడు, మొదటి మాటలో తొలి అచ్చు తరువాతి భాగమంతా పోయి దాని చోట ‘ట్ట’ వస్తుందని అక్కడ ఉంటుంది. కట్టకడ, ఎట్టఎదుర, చిట్టచివర, నట్టనడుమ, పట్టపగలు, బట్టబయలు, మొట్టమొదట అని మీరు ఇన్నాళ్లుగా అంటున్నవే అవన్నీ. పగలుకు ఉన్న ఈ సౌకర్యం రాత్రికి లేదు, దాన్ని ఎవరూ ఇలా రెట్టించరు. ఎందుకు లేదో ఆలోచిస్తూ ఒక పూట గడపడానికి మీకు విసుగు అనిపించకపోతే, మిగతా పరిచ్ఛేదాలు కూడా చదవగలరు.