రిపోర్టులో 'సెసైల్' అని రాస్తే ఏమిటి అర్థం? బోటనీ పుస్తకంలో ఉన్న సెసైల్ ఇదేనా?

మీరు అడిగింది క్లుప్తంగా: నాన్నగారి కొలనోస్కోపీ (పెద్దపేగును కెమెరా గొట్టంతో చూసే పరీక్ష) రిపోర్టులో 'సెసైల్ పాలిప్' అని ఉంది, నెట్‌లో వెతికితే ఒకచోట ఆకులు, ఒకచోట పగడాలు, మరోచోట నీటిబొట్లు వస్తున్నాయి, 'కూర్చుని ఉండే' అని అర్థం చెప్తున్నారు, ఆయన రిటైరయ్యాక రోజంతా కుర్చీలోనే ఉంటారు కాబట్టి అలా రాశారా అని. పైగా మీ పాప ఇంటర్ బోటనీలోనూ అదే మాట ఉందంటున్నారు.

ముందు టెన్షన్ సంగతి. నాన్నగారి కుర్చీకీ ఆ మాటకీ ఏ సంబంధమూ లేదు, కూర్చున్నది పాలిప్పే గాని ఆయన కాదు. పేగు లోపలి గోడ మీద కాడ లేకుండా నేరుగా, వెడల్పాటి అడుగుతో లేచిన కండను సెసైల్ పాలిప్ అంటారు. అది ఆకారం గురించి చెప్పే మాట మాత్రమే. క్యాన్సర్ అనీ చెప్పదు, కాదనీ చెప్పదు.

నేను ఇంటర్ పిల్లలకు బోటనీ చెప్తాను. ఈ మాట ఏళ్ల తరబడి బోర్డు మీద రాస్తూ వచ్చినవాణ్ణి, కొన్నేళ్ల కిందట నా సొంత రిపోర్టులోనే అది కనిపించింది. మత్తు ఇంకా పూర్తిగా దిగలేదు, మా ఆవిడ కాగితం చదువుకుంటూ "సెసైల్ అంటే ఏంటండీ, పెద్దదా?" అంది. "కాడ లేదని, జిల్లేడాకు లాగా" అన్నాను. "కడుపులో జిల్లేడాకేమిటండీ!" అని ఆవిడ కంగారుపడి నర్సును పిలిచింది. తర్వాత డాక్టరుగారు వచ్చి చెప్పింది కూడా అదే, కాకపోతే జిల్లేడు లేకుండా చెప్పారు.

మాట పుట్టుక చూస్తే మిగతాదంతా సులువు. లాటిన్‌లో 'సెడెరే' అంటే కూర్చోవడం, దాని నుంచి 'సెసిలిస్', అంటే కూర్చుని ఉన్నది, నేలబారుగా ఉన్నది. నేలకు ఆనుకుని పొట్టిగా పెరిగే లెట్యూస్‌ను రోమన్లు ఈ మాటతోనే అనేవారు. అసెంబ్లీ సెషన్, నీళ్ల అడుగున చేరే సెడిమెంట్ కూడా ఆ లాటిన్ మూలం నుంచి వచ్చినవే. ఇంకో తమాషా ఏమిటంటే సంస్కృతంలో 'సద్' ధాతువు దీనికి అక్కచెల్లెలు వరస, రెండూ ఒకే పాత మూలం నుంచి వచ్చాయి. సదస్సు, సదనం, ఉపనిషత్తు, పరిషత్తు అన్నీ ఆ సద్ సంతానమే. కాబట్టి జిల్లా పరిషత్తుకూ సెసైల్ పాలిప్‌కూ చుట్టరికం ఉందని మీరు ధైర్యంగా చెప్పొచ్చు, ఎవరూ నమ్మకపోయినా.

ఇప్పుడు అసలు తికమక. 'కూర్చుని ఉంది' అన్నదాన్ని శాస్త్రవేత్తలు రెండు దారుల్లోకి లాగారు. ఒకటి, కాడ లేకుండా నేరుగా అంటుకుని ఉన్నది. రెండోది, ఉన్నచోటు నుంచి కదలనిది. ఈ రెండూ వేర్వేరు సంగతులు, కానీ ఇంగ్లీషులో మాట ఒక్కటే. తెలుగు పాఠ్యపుస్తకాల్లో మొదటిదానికి 'వృంతరహిత' అనీ, రెండోదానికి 'స్థానబద్ధ' అనీ విడివిడిగా వాడటం నాకు బాగా నచ్చే విషయం. సంస్కృత పదాలు పలకడానికి నోరు తిరగదని పిల్లలు సణుగుతారు గాని, ఇక్కడ మాత్రం అవే తేటగా ఉన్నాయి. ఇంగ్లీషులో చదివేటప్పుడు నేను పాటించే కిటుకు ఒకటే: ఆ వాక్యంలో దీనికి వ్యతిరేక పదం ఏమై ఉంటుందో చూసుకోవడం. అది 'కాడ ఉన్నది' అయితే మొదటి అర్థం, 'కదిలేది' అయితే రెండోది.

బోటనీలో ఎక్కువగా కనిపించేది మొదటిదే. వినాయక చవితికి తెచ్చే పత్రి చాలు, పాఠం మొత్తం అందులోనే ఉంది. రావి ఆకు తీసుకోండి, పొడుగాటి సన్నని కాడ ఉంటుంది, అందుకే గాలి ఆడీ ఆడనట్టున్నా రావిచెట్టు గలగలమంటుంది. జిల్లేడు కొమ్మ చూడండి. ఆకులు ఎదురెదురుగా జంటలుగా ఉంటాయి, ఆకు అడుగుభాగం నేరుగా కాండానికి ఆనుకుని దాన్ని రెండు వైపులా కొంచెం పొదివినట్టు ఉంటుంది, తుంచబోతే పట్టుకోవడానికి కాడ ఉండదు, పాలు మాత్రం వేళ్లకు అంటుకుంటాయి (కళ్లు తుడుచుకోకండి, మంట). బాగా పరికించి చూస్తే ఒక్కోసారి చిన్న కాడ ముక్క ఉందేమో అనిపిస్తుంది, అలాంటి అనుమానం వచ్చినచోట 'సబ్‌సెసైల్' అని రాస్తారు, దాదాపు కాడ లేనట్టే అని.

ఆకుకే కాదు, పువ్వుకూ వాడతారు. ఆ పత్రిలోదే ఉత్తరేణి: పొడవాటి ఈనె మీద పూలు ఒక్కొక్కటీ కాడ లేకుండా అంటుకుని ఉంటాయి, అందుకే ఆ పుష్పవిన్యాసాన్ని, అంటే పూల అమరికను, కంకి అంటాం. ఆకులకు మాత్రం చిన్న కాడలు ఉంటాయి. అంటే ఒకే మొక్కలో ఒకటి సెసైల్, ఇంకొకటి కాదు. "ఉత్తరేణి సెసైల్ మొక్క" అని రాస్తే మార్కు పోతుంది, ఏ భాగం సెసైల్ అన్నది రాయాలి. గసగసాల కాయ మీద కిరీటంలా చక్రం కనిపిస్తుంది చూడండి, అది కీలాగ్రం, పుప్పొడిని పట్టుకునే భాగం. మధ్యలో కీలం అనే కాడ లేకుండా అండాశయం నెత్తిన నేరుగా కూర్చుంది కాబట్టి దాన్నీ సెసైల్ అనే అంటారు.

జొన్నలో అయితే ఈ మాట వ్యవసాయ శాస్త్రవేత్తలకు నిత్యావసరం. జొన్న వెన్నులో చిరుకంకులు జంటలుగా ఉంటాయి, జంటలో ఒకటి కాడ లేనిది, రెండోది సన్న కాడ ఉన్నది (రెమ్మ చివర మాత్రం కాడ ఉన్నవి రెండుంటాయి). గింజ కట్టేది కాడ లేనిదే. కాడ ఉన్నది మామూలుగా మగదిగానో, వట్టిదిగానో మిగిలిపోతుంది. మనం తినే ప్రతి జొన్నరొట్టె వెనక సెసైల్ చిరుకంకులే ఉన్నాయన్నమాట.

నాకు అన్నిటికంటే ఇష్టమైన ఉదాహరణ పొన్నగంటి కూర. దాని శాస్త్రీయ నామమే ఆల్టర్నాంథిరా సెసిలిస్. ఆ సెసిలిస్ వృక్షశాస్త్రవేత్త లినేయస్ 1753లో పెట్టినది, అప్పట్లో మొక్కను గాంఫ్రీనా అనే ప్రజాతి (జీనస్)లో పెట్టాడు, ఆ తర్వాత ప్రజాతి మారింది గాని సెసిలిస్ మాత్రం అలాగే ఉండిపోయింది. ఎందుకు సెసిలిస్ అంటే, కూర బాగుచేసేటప్పుడు ముదురు కాడ ఒకటి పక్కన పెట్టుకుని చూడండి. ఆకు కాండాన్ని కలిసే సందులో తెల్లగా, ఎండు కాగితంలా గరగరలాడే చిన్న చిన్న పూగుత్తులు ఉంటాయి, గోటితో గీరితే ఊడి వస్తాయి, వాటికి కాడే ఉండదు. పేరు ఆ పూగుత్తుల వల్ల వచ్చింది. బజారులో లేత కట్టలు కొంటే ఇవి కనపడవు, కాలవగట్టున ముదిరిన మొక్క దొరికితే స్పష్టంగా ఉంటాయి.

ఇక రెండో అర్థం, కదలనిది. జువాలజీలో స్పంజికలు, పగడాలు, ఆల్చిప్పలు ఇలాంటి వాటికి వాడతారు. విశాఖ తీరంలో రాళ్ల మీద చెప్పుల్లేకుండా నడిచినవాళ్లకు బార్నకల్స్ పరిచయం ఉండే ఉంటుంది, అరికాలు కోసేసే తెల్లటి గరుకు గుల్లలు. పిల్ల దశలో ఇవి సముద్రంలో హాయిగా ఈదుతాయి, తర్వాత ఒక చోటు ఎంచుకుని తలభాగం ఆన్చి, సొంత జిగురుతో అతుక్కుని, ఇక జీవితాంతం అక్కడే. కాళ్లను నీళ్లలోకి ఆడిస్తూ తిండి లోపలికి లాక్కుంటాయి. వీటిలోనే గూస్ బార్నకల్ అనే రకం ఉంది, మెత్తటి కండ కాడతో ఓడల అడుగునా, తేలే దుంగలకూ వేలాడుతుంది. దానికి కాడ ఉంది, కాబట్టి మొదటి అర్థంలో సెసైల్ కాదు. అతుక్కున్నచోటు వదలదు, కాబట్టి రెండో అర్థంలో సెసైలే. మాట ఒకటి, అర్థాలు రెండు అంటే ఒప్పుకోని విద్యార్థులకు నేను చూపించే సాక్షి ఇదే.

బోటనీవాళ్లు కూడా రెండోదాన్ని వాడరని కాదు. మొక్కల ఫిజియాలజీ వ్యాసాల్లో "మొక్కలు సెసైల్ జీవులు" అని తరచూ కనిపిస్తుంది. ఎండొచ్చినా చీడొచ్చినా పారిపోలేవు, ఉన్నచోటే తట్టుకోవాలి అన్న అర్థంలో. ఆ లెక్కన రావిచెట్టు సెసైల్, దాని ఆకు సెసైల్ కాదు. బ్యాక్టీరియా విషయంలోనూ అంతే, ద్రవంలో విడిగా తేలేవి ప్లాంక్టానిక్, కాథెటర్ గొట్టం గోడకో పళ్లకో పొరగా అంటుకున్నవి సెసైల్.

నీటిబొట్ల సంగతి. ఏదైనా ఉపరితలం తడుస్తుందా లేదా అని కొలవడానికి దాని మీద చిన్న నీటిబొట్టు పెట్టి, పక్క నుంచి ఫొటో తీసి, బొట్టు అంచు దగ్గర కోణం కొలుస్తారు. అలా పైన పెట్టిన బొట్టు సెసైల్ డ్రాప్, సూది కొసన వేలాడే బొట్టు పెండెంట్ డ్రాప్. ఇక్కడ వ్యతిరేకం కాడా కాదు, కదలికా కాదు, వేలాడటం. కోణం 90 డిగ్రీల లోపు ఉంటే నీరు తడిపే ఉపరితలం, దాటితే తడవనిది, తామరాకు మీద అది 150 డిగ్రీల పైన ఉంటుంది. అంటే దేనికీ అంటకుండా బతికేవాళ్లకు మనం ఉపమానంగా చెప్పే ఆ తామరాకు మీది నీటిబొట్టు ల్యాబ్‌లో సెసైల్ డ్రాప్ అయిపోతుంది! మా కాలేజీలో చదివి తర్వాత మెటీరియల్స్ వైపు వెళ్లిన అబ్బాయి ఒకసారి ఆ ఫొటో పంపిస్తే చాలాసేపు నవ్వుకున్నాను. లోహశాస్త్రంలోనూ ఒకటుంది, స్ఫటికం లోపల అణువుల వరసలో ఉండే లోపాన్ని డిస్‌లొకేషన్ అంటారు, అది జారలేనిదైతే సెసైల్, జారేది గ్లిసైల్. అది మీకు అక్కర్లేదు.

మళ్లీ నాన్నగారి దగ్గరికి. పాలిప్‌లలో కాడ ఉన్నది పుట్టగొడుగులా ఉంటుంది, పెడంక్యులేటెడ్ అని రాస్తారు. కాడ లేనిది సెసైల్. కొందరు ప్యారిస్ వర్గీకరణ (ఆకారాన్ని బట్టి విడదీసే పద్ధతి) పేరుతో 0-ఐపీ, 0-ఐఎస్ అని రాస్తారు, మొదటిది కాడ ఉన్నది, రెండోది సెసైల్. ఈ తేడా డాక్టరుకు ఎందుకు కావాలంటే, కాడ ఉంటే వైరు ఉచ్చు వేసి కాడ దగ్గర కోస్తే చాలు. కాడ లేనిదాన్ని, అందులోనూ వెడల్పుగా ఉన్నదాన్ని అంచులు మిగలకుండా తీయడం కొంచెం పని, పెద్దదైతే కింద ద్రవం ఎక్కించి పైకి లేపి తీస్తారు. చిన్నవైతే కొలనోస్కోపీ చేస్తుండగానే తీసేస్తారు, నాదీ అలాగే తీశారు.

అసలు తేల్చేది బయాప్సీ రిపోర్టు, అంటే తీసిన ముక్కను మైక్రోస్కోపు కింద చూసి రాసేది. అందులో హైపర్‌ప్లాస్టిక్ అనో, అడినోమా అనో, సెసైల్ సెరేటెడ్ (రంపపు పళ్లలా కనిపించే) లీజన్ అనో ఉంటుంది. ఈ మూడోదాన్ని పాత రిపోర్టుల్లో సెసైల్ సెరేటెడ్ అడినోమా అని రాసేవారు, ప్రపంచ ఆరోగ్య సంస్థ 2019 వర్గీకరణలో పేరు మార్చింది. ఇందులో సెసైల్ ఉంది కదా అని కంగారుపడి రెండూ ఒకటే అనుకోకండి. సెసైల్ పాలిప్ అన్నది కంటికి కనిపించిన ఆకారం, సెసైల్ సెరేటెడ్ లీజన్ అన్నది మైక్రోస్కోపు కింద తేలిన రకం. అడినోమా గానీ సెరేటెడ్ లీజన్ గానీ అయితే, వదిలేస్తే కాలం గడిచేకొద్దీ క్యాన్సర్‌గా మారే అవకాశం ఉంటుంది, అందుకే తీసేస్తారు, అందుకే మళ్లీ ఎప్పుడు రావాలో చెప్తారు. డాక్టరుగారిని నాలుగు సంగతులు అడగండి: సైజు ఎంత (10 మిల్లీమీటర్లు, అంతకు మించితే ఎక్కువ జాగ్రత్తగా చూస్తారు), మొత్తం తీశారా, బయాప్సీలో ఏ రకం అని వచ్చింది, మళ్లీ కొలనోస్కోపీ ఎప్పుడు. నేను మొక్కల మాస్టారిని, వైద్యం వరకు ఆయన మాటే వినండి.

కుర్చీకి సరిపోయే మాట సెడెంటరీ. అదీ ఆ 'సెడెరే' కడుపున పుట్టిందే, కానీ మనిషి జీవనశైలికి వాడేది అది, సెసైల్ కాదు. ఎవరైనా సరదాకి "మా ఆయన సెసైల్ అయిపోయారు" అంటే, సోఫాకు అతుక్కుపోయారని బార్నకల్ అర్థంలో జోకు వేస్తున్నారన్నమాట. అలాగని నాన్నగారిని కుర్చీలోనే వదిలేయకండి, సాయంత్రం పూట కాస్త నడిపించండి, అది వేరే సంగతి.

పలకడం బ్రిటిష్ వాళ్లు సెసైల్ అంటారు, అమెరికన్లలో చాలామంది సెసిల్ అంటారు, ఏదైనా తప్పు కాదు. పాపకు పరీక్షలో ఆకు గురించి వ్యతిరేక పదం అడిగితే పెటియోలేట్, పువ్వు గురించి అయితే పెడిసెలేట్ అని రాయమనండి, కాడ రెండిటికీ ఉన్నా వాటి పేర్లు వేరు.