కోరాపుట్ గని పని మీద డాక్యుమెంటరీ తీయాలంటే

ఒడిశాలోని కోరాపుట్ కొండల్లో బాక్సైట్ (అల్యూమినియం తీసే ఖనిజం) గని పని మీద డాక్యుమెంటరీ తీయాలనుంది, మంచి డ్రోన్ షాట్లు ఎక్కడ దొరుకుతాయి అని అడిగారు. మాది సెమిలిగుడ. తెలిసిన కుర్రాళ్లిద్దరు ఇలాంటిదే తీస్తుంటే ఒక చలికాలమంతా వాళ్ల వెంట మైకు పట్టుకుని తిరిగాను. నన్నడిగితే డ్రోన్ ఇంట్లో పెట్టి రండి.

మేమూ ఒకరోజు షిఫ్టు బస్సు ఆగేచోట ఎగరేశాం. బస్సెక్కాల్సినవాళ్లంతా తలలెత్తి దానికేసే చూశారు. ఇంకేం తీస్తాం! గని దరిదాపుల్లో అయితే అనుమతి లేకుండా ఎగరేయనే కూడదు.

గని ఉన్న కొండ పంచపట్‌మాలి, దాని నెత్తి బల్లపరుపుగా ఉంటుంది. తవ్వకమంతా అక్కడే. కింద ఊళ్లోంచి చూస్తే మామూలు కొండలాగే ఉంటుంది, 1985 నుంచి తవ్వుతున్నారంటే కొత్తవాళ్లు నమ్మరు. కింద ఉన్నవాళ్లకి చిక్కేది బెల్టు: పైన నలిగిన రాయిని 14.6 కిలోమీటర్ల దూరం దామన్‌జోడి రిఫైనరీకి మోసుకొచ్చే కన్వేయర్. మా ఫుటేజీలో నాకు నచ్చింది నాలుగే నిమిషాలు. చీకటి, ఆ బెల్టు రొద, ఎక్కడో కుక్క అరుపు.

మిగతాదంతా ఇళ్లలో దొరికింది. సాలూరు వైపు నుంచి వచ్చి స్థిరపడిన డంపర్ డ్రైవర్ ఒకాయన, ఇంటికి రాగానే బూట్లు విప్పి మేజోళ్లు గోడకేసి కొట్టేవారు. ఆ గోడ నడుమెత్తు దాకా ఎర్రబడిపోయింది. ఆయన బట్టలకి వాళ్లావిడ వేరే తాడు కట్టుకున్నారు. "ఇనప మట్టండీ, సబ్బుకి లొంగదు" అన్నారు.

ఓ తెల్లారుజామున, బయట చలిలో తిప్పిన కెమెరాతోనే, ఆవిడ క్యారేజీ కడుతుంటే వంటింట్లోకి దూరాం. లెన్సంతా ఆవిరి. మేం తుడుచుకుంటుండగానే ఆయన బండి తీసి వెళ్లిపోయారు. ముందే లోపలికెళ్లి కెమెరాని ఓ అరగంట సంచిలోనే ఉంచండి.

దీన్ని నియమగిరి కథలా మార్చకండి. అదీ ఒడిశాలోని బాక్సైట్ కొండే, అక్కడ 2013లో 12 గ్రామసభలూ గని వద్దన్నాయి, కొండ మిగిలింది. ఇక్కడ గని జీతంతో చదువుకున్న పిల్లలూ ఉన్నారు, పోయిన పొలం గట్లు వేళ్ల మీద లెక్కచెప్పే ముసలివాళ్లూ ఉన్నారు. ఇద్దర్నీ ఉంచండి. ఒకే వాక్యంలో దేశియా (ఇక్కడి స్థానిక భాష), ఒడియా, తెలుగు కలిపి మాట్లాడతారు, డబ్బింగ్ జోలికి మాత్రం పోకండి.

మైకుకి బొచ్చు తొడుగు మర్చిపోవద్దు. ఈ గాలికి అది లేకపోతే ఏమీ వినపడదు. మేం మర్చిపోయి మా అక్క ఊలు టోపీ కత్తిరించి తొడిగాం, ఇప్పటికీ తిడుతుంది.